పాత పేజ్‌మేకర్ ఫైళ్ల కోసం విండోస్ 98 కావాలి: ఎక్కడ దొరుకుతుంది, ఎలా ఎక్కించాలి?

తెనాలి_కంపోజర్ | జనవరి 9, రాత్రి 9:15

సభ్యులందరికీ నమస్కారం. నేను 1997 నుంచి తెనాలిలో డీటీపీ పని చేస్తున్నాను. మా ప్రాంతంలో ఒక విశ్రాంత ఉపాధ్యాయులు ఉండేవారు. ముప్పై ఏళ్లపాటు రైతుల నోట విని రాసుకున్న సేద్యపు మాటలను ఆయన పదకోశంగా కూర్చితే, 2000లో డెమ్మీ 1/8 సైజులో 412 పేజీల పుస్తకంగా నేనే కంపోజ్ చేశాను. ఆయన ఇప్పుడు లేరు, ప్రతులు కూడా ఎన్నడో అయిపోయాయి. మొన్న వారి అమ్మాయిగారు రెండో ముద్రణ వేయిస్తామని వచ్చి, నాన్నగారి సొంత ప్రతిని నా చేతిలో పెట్టారు. అందులో పద్దెనిమిది పేజీల అంచుల్లో ఆయన ఆకుపచ్చ సిరాతో రాసుకున్న సవరణలున్నాయి.

ఫైళ్లు పేజీలు కూర్చే పాత ప్రోగ్రాము పేజ్‌మేకర్ 6.5లో ఉన్నాయి. కంపోజింగు చేసింది, ప్యారలల్ పోర్టుకు (పాత ప్రింటర్లు తగిలించే గూడు) లాక్ (నకళ్లు ఆపడానికి అమ్మినవారిచ్చే చిన్న ప్లగ్గు) తగిలిస్తే తప్ప కీబోర్డు పలకని ఒక తెలుగు లిపి ప్యాకేజీతో. దాన్ని అమ్మినవారు దుకాణం మూసి చాలా కాలమైంది, లాక్ మాత్రం నా బల్ల సొరుగులో భద్రంగా ఉంది. పాత సీపీయూలో మదర్‌బోర్డు మీది కెపాసిటర్లు ఉబ్బిపోయాయి. 20 జీబీ హార్డ్‌డిస్కు ఆడుతున్నట్టే వినిపిస్తోంది.

ఒక మిత్రుడు ఫైళ్లను పేజ్‌మేకర్ తర్వాత వచ్చిన ఇన్‌డిజైన్ సీఎస్6లో తెరిచి చూశాడు. 412 పేజీలు 437 అయ్యాయి. అంతకన్నా ఘోరమేమిటంటే పుస్తకమంతటా ర వత్తు మాయమైంది: గొర్రు గొరు అయింది, కర్రు కరు అయింది, ప్రతి కాస్తా పతి అయి కూర్చుంది. నాగలికి కర్రే లేని సేద్యపు పదకోశాన్ని నేను ఏ ముఖంతో అచ్చుకు పంపను?

అందుచేత విండోస్ 98ను మళ్లీ ఎక్కించక తప్పదనుకుంటున్నాను. అది ఇప్పుడు ఎక్కడ దొరుకుతుంది, ఏ యంత్రం మీద నిలుస్తుంది, తెలిసినవారు చెప్పగలరు.

గోదారిగట్టు | జనవరి 9, రాత్రి 10:02

98 జోలికి ఎందుకు వెళ్లడం? ఎక్స్‌పీ సర్వీస్ ప్యాక్ 3 వేసుకోండి. నేను పేజ్‌మేకర్ 6.5ను ఎక్స్‌పీ మీద ఏళ్ల తరబడి నడిపాను. దానికి డ్రైవర్లూ దొరుకుతాయి, పెన్‌డ్రైవ్ పెట్టగానే గుర్తిస్తుంది.

పాతయంత్రం | జనవరి 10, ఉదయం 6:48

గోదారిగట్టు గారి మాట పేజ్‌మేకర్ వరకు నిజమే, కానీ ఇక్కడ చిక్కు పేజ్‌మేకర్‌తో కాదు, లాక్‌తో. విండోస్ 95, 98లలో ఒక మామూలు ప్రోగ్రాము నేరుగా ప్యారలల్ పోర్టు చిరునామాకు వెళ్లి సంకేతం పంపి జవాబు చదువుకోగలదు. ఎన్‌టీ అనే వేరే కుదురుకు చెందిన విండోస్ 2000, ఎక్స్‌పీలలో ఆ దారికి గేటు పడింది. పోర్టును తాకాలంటే ఆ వ్యవస్థ కోసమే రాసిన డ్రైవరు ఉండాలి. లాక్‌తో పాటు ఎన్‌టీ డ్రైవరు కూడా ఇచ్చి ఉంటే ఎక్స్‌పీ చాలు, ఇవ్వకపోతే 98 తప్పదు.

కాబట్టి తెనాలి గారూ, ముందు రెండు సంగతులు చెప్పండి. మీ ప్యాకేజీ సీడీలో డ్రైవర్ల ఫోల్డరు ఏమైనా ఉందా? మీ దగ్గర ఉన్న ఇంకో యంత్రం ఏదైనా వెనుక వైపు పాతికరంధ్రాల ప్యారలల్ పోర్టుతో ఉందా?

ఇంకో మాట. యూఎస్‌బీ నుంచి ప్యారలల్‌కు మార్చే తీగ ఒకటి మూడు నాలుగు వందలకు దొరుకుతుంది, దాన్ని కొనకండి. అది ప్రింటరును నడపడానికి పనికొస్తుందే గానీ అసలు పోర్టు చిరునామాను సృష్టించదు. లాక్‌కు అది ఉన్నా లేనట్టే.

తెనాలి_కంపోజర్ | జనవరి 10, మధ్యాహ్నం 2:30

ధన్యవాదాలు. ప్యాకేజీ వచ్చింది సీడీగా కాదు, మూడు ఫ్లాపీలుగా. వాటి లేబుల్ మీద విండోస్ 95, 98 అని మాత్రమే అచ్చయి ఉంది, ఎన్‌టీ మాట ఎక్కడా లేదు. యంత్రం విషయానికొస్తే, మా బావమరిది ఇంట్లో వాడకుండా పడి ఉన్న పెంటియం 4 ఒకటి తెచ్చుకున్నాను. బోర్డు మీద ఇంటెల్ 845 అని ఉంది, ప్యారలల్ పోర్టు ఉంది, ర్యామ్ 1 జీబీ ఉంది.

విండోస్ 98 సెకండ్ ఎడిషన్ అసలు సీడీ నా దగ్గర ఉండేది, కానీ బూజు పట్టి సగం దాకా చదివి ఆగిపోతోంది. ఇక్కడి దుకాణంలో అడిగితే ఏదో పెన్‌డ్రైవ్‌లో ఇస్తామన్నారు. నా కంప్యూటరుకు పెట్టగానే అందులోని ప్రతి ఫోల్డరుకూ అదే పేరుతో ఒక షార్ట్‌కట్ కనిపించింది. వెంటనే తీసేశాను.

పాతయంత్రం | జనవరి 10, రాత్రి 8:11

తీసేసి మంచి పని చేశారు. ఆ షార్ట్‌కట్ల వ్యవహారం పాతకాలపు పెన్‌డ్రైవ్ వైరస్సుదే.

మీకు కావలసింది బహుశా మీ బల్ల మీదే ఉంది. ఆ రోజుల్లో యంత్రం అమర్చి ఇచ్చేవారు, ప్రతిసారీ సీడీ అడగకుండా ఉండాలని, విండోస్ 98 స్థాపన ఫైళ్లన్నిటినీ హార్డ్‌డిస్కులోకే నకలు చేసి ఉంచేవారు. పాత డిస్కు సీ డ్రైవులో విండోస్ ఫోల్డరు, దాని లోపల ఆప్షన్స్, దాని లోపల క్యాబ్స్ అనే ఫోల్డరు ఉందేమో చూడండి. అందులో క్యాబ్ అనే పొడిగింపుతో పదుల కొద్దీ ఫైళ్లు, వాటితో పాటు సెటప్ ప్రోగ్రాము కనిపిస్తే సీడీ సారమంతా అక్కడే ఉన్నట్టు. విండోస్ ఫోల్డరులోనే కమాండ్ అనేదాని లోపల ఈబీడీ అని ఇంకొకటి ఉంటుంది, అది బూట్ ఫ్లాపీ తయారీకి పనికొస్తుంది. ఉత్పత్తి సంఖ్య పోయి ఉంటే భయం లేదు. 98లో ఆ ఇరవై అయిదు అక్షరాలూ రిజిస్ట్రీలో ఏ దాపరికమూ లేకుండా రాసి ఉంటాయి కాబట్టి, సిస్టమ్ డాట్ అనే ఫైలును టెక్స్ట్ ఎడిటరులో తెరిచి ప్రొడక్ట్‌కీ అన్న మాట కోసం వెతికితే దొరుకుతుంది. ఎక్స్‌పీలో లాగా ఇంటర్నెట్టులోనో ఫోనులోనో యాక్టివేషన్ చేయించుకునే తలనొప్పి 98కి లేదు.

అయితే వీటన్నిటికన్నా ముందు ఒక పని ఉంది. ఆ డిస్కును ఏ యంత్రంలోనూ బూట్ చేయవద్దు. ఐడీఈ (పాత డిస్కులను తగిలించే పద్ధతి) నుంచి యూఎస్‌బీకి మార్చే అడాప్టరు, దాని సొంత విద్యుత్ సరఫరాతో సహా తెచ్చుకుని, ఇప్పటి కంప్యూటరుకు తగిలించి, డిస్కు మొత్తానికి ఇమేజి, అంటే ఉన్నదున్నట్టు నకలు, తీయండి. 98 డిస్కులు ఫ్యాట్32లో ఉంటాయి కాబట్టి ఇప్పటి విండోస్ కూడా వాటిని నేరుగా చదువుతుంది. పాతికేళ్ల డిస్కు ఈ రోజు తిరిగిందని రేపు తిరుగుతుందని నమ్మకం లేదు. ఇమేజి చేతికొచ్చాకే మిగతా కథ.

నెట్‌సంచారి | జనవరి 10, రాత్రి 9:40

ఇంత శ్రమ దేనికి? ఇంటర్నెట్టులో 98 ఐఎస్ఓలు (సీడీ మొత్తాన్ని ఒకే ఫైలుగా చేసినవి) కొల్లలుగా ఉన్నాయి, కీలు కూడా పక్కనే రాసి ఉంటాయి. కంపెనీయే వదిలేసిన సరుకుకు యజమాని ఎవరు? (లంకె నిర్వాహకులచే తొలగించబడింది.)

నిర్వాహకుడు | జనవరి 10, రాత్రి 10:05

లంకెను తొలగించాను. మైక్రోసాఫ్ట్ 98కి 2006 జులై 11తో, ఎక్స్‌పీకి 2014 ఏప్రిల్ 8తో మద్దతు ఆపేసింది. అయితే మద్దతు ఆపడం వేరు, హక్కు వదులుకోవడం వేరు. పెరట్లో పాత బండి తుప్పు పడుతోందని ఎవరైనా తోలుకుపోవడానికి లేదు కదా. మన 1957 కాపీరైట్ చట్టంలో 52(1)(ఎఎ) అనే ఉపవిభాగం ఒకటుంది. ప్రోగ్రాము ప్రతిని చట్టబద్ధంగా కలిగినవారు దాన్ని దాని పని కోసం వాడుకోవడానికీ, పోకుండా పాడవకుండా రక్షణగానూ నకలు తీసుకోవచ్చని అది చెబుతుంది. అసలు సీడీ, దాని లైసెన్సు పత్రం తెనాలి గారి దగ్గరే ఉన్నాయి కాబట్టి ఆయన తన డిస్కులోని క్యాబ్స్‌ను వాడుకోవడానికి నాకు అభ్యంతరం కనిపించడం లేదు.

చట్టం సంగతి అలా ఉంచినా, ఎవరో ఎక్కించిన ఐఎస్ఓలో ఎవరి చేయి పడిందో తెలియదు. దించుకోక తప్పనివారు కనీసం దాని హ్యాష్ విలువను (ఫైలుకు వేలిముద్ర లాంటి సంఖ్యను) నమ్మదగిన పాత జాబితాలతో సరిచూసుకోవాలి. అప్పుడు కూడా తేలేది అసలు ప్రతి చెక్కుచెదరలేదని మాత్రమే.

తెనాలి_కంపోజర్ | జనవరి 12, సాయంత్రం 6:20

పాతయంత్రం గారూ, మీ నోటి చలవ. ఆప్షన్స్, క్యాబ్స్ రెండూ ఉన్నాయి. సిస్టమ్ డాట్ తెరిచి చూస్తే పిచ్చి గుర్తుల మధ్య నా సీడీ కవరు మీది సంఖ్యే అక్షరం పొల్లుపోకుండా కనిపించింది. ఇమేజి తీయడానికి గంటన్నర పట్టింది. ఒకచోట డిస్కు టక్కుటక్కుమని కొట్టుకుంటే నా గుండె కూడా దానితో పాటే కొట్టుకుంది, మొత్తానికి పూర్తయింది. పుస్తకం ఫైళ్లు ఇరవై ఆరు, ఫాంట్లు కూడా అందులోనే ఉన్నాయి.

ఇక ఎక్కించే పద్ధతి చెప్పండి. చివరిసారి చేసి ఇరవై ఏళ్లయింది, చేతులు మరిచిపోయాయి.

పాతయంత్రం | జనవరి 12, రాత్రి 9:55

చెబుతాను, కొంచెం పొడుగవుతుంది.

845 బోర్డు 98కి బాగా సరిపోతుంది. ఇంటెల్ 865 దాకా 98 డ్రైవర్లు వచ్చాయి, ఆ తర్వాతి బోర్డుల మీద ప్రయాసే మిగులుతుంది. కొత్త స్థాపనకు పాత 20 జీబీ డిస్కును వాడకండి, దాన్ని పక్కన దాచండి. వేరే ఐడీఈ డిస్కు తీసుకోండి, అయితే 137 జీబీ దాటినది వద్దు. ఆ హద్దు దాటి 98 రాయబోయినప్పుడు ఏ హెచ్చరికా లేకుండా మొదటి భాగం మీదే రాసేసి మొత్తం పాడుచేస్తుంది. పాత డిస్కులు దొరక్కపోతే కెమెరాల్లో వాడే కాంపాక్ట్ ఫ్లాష్ కార్డును ఐడీఈ అడాప్టరులో పెట్టినా చాలు. సికింద్రాబాదు వెళ్లే పని ఉంటే పార్క్‌లేన్‌లోని చెనాయ్ ట్రేడ్ సెంటరులో అడిగి చూడండి.

బూట్ ఫ్లాపీతో మొదలుపెట్టండి. మెనూలో సీడీ సహాయం ఉన్నది ఎంచుకుంటే, ఫ్లాపీ తన పరికరాల కోసం ర్యామ్‌లో ఒక బుల్లి డ్రైవును సృష్టించి డి అక్షరాన్ని తాను పట్టేసుకుంటుంది, సీడీ ఇ అవుతుంది. చాలామంది డిలో సీడీ లేదని ఇక్కడే కంగారు పడతారు. ఆ తర్వాత, డిస్కును భాగాలు చేయడానికి, ఎఫ్‌డిస్క్ అని కొట్టండి. పెద్ద డిస్కుల సహాయం కావాలా అని అడిగినప్పుడు వై అనండి, లేకపోతే పాత ఫ్యాట్16లో 2 జీబీ ముక్కలు మాత్రమే వస్తాయి. ప్రైమరీ పార్టిషన్ చేసి, అది యాక్టివ్ అయిందో లేదో చూసుకుని, యంత్రాన్ని మళ్లీ మొదలుపెట్టాకే ఫార్మాట్ సి చేయండి. మళ్లీ మొదలుపెట్టకుండా చేసే ఫార్మాట్ చెల్లదు.

మీకు సీడీ లేదు కాబట్టి ఇక్కడ ఒక మెట్టు ఎక్కువ. ఫార్మాట్ అయిన కొత్త డిస్కును విప్పి, అదే యూఎస్‌బీ అడాప్టరుతో ఇప్పటి కంప్యూటరుకు తగిలించి, క్యాబ్స్ ఫోల్డరును విన్98 అనే పేరుతో అందులోకి నకలు చేసి, మళ్లీ యంత్రంలో బిగించండి. ఫ్లాపీతో బూట్ చేసి, సీ డ్రైవులోని ఆ ఫోల్డరులోకి వెళ్లి సెటప్ అని కొట్టండి. సీడీ బాగున్నవారికి కూడా నేను ఇదే పద్ధతి చెబుతాను. తర్వాత ఏ డ్రైవరు వేసినా 98 సీడీ పెట్టండి అంటూ ప్రాణం తీస్తుంది. ఫైళ్లు డిస్కులోనే ఉంటే దానంతట అదే తీసుకుంటుంది.

డెస్క్‌టాప్ వచ్చాక మొదట చిప్‌సెట్ ఫైళ్లు, తర్వాత డిస్‌ప్లే డ్రైవరు వేయండి. సౌండు మీకు అక్కర్లేదు. నెట్‌వర్క్ తీగ అసలు తగిలించవద్దు.

తెనాలి_కంపోజర్ | జనవరి 15, మధ్యాహ్నం 12:10

అన్నీ చెప్పినట్టే చేశాను. నలభై నిమిషాల్లో సెటప్ పూర్తయింది, నీలి ఆకాశంలో మబ్బుల తెర కనిపించేసరికి పాత చుట్టం ఇంటికి వచ్చినట్టనిపించింది. అంతలోనే, ఏ ప్రోగ్రాము తెరవబోయినా మెమరీ చాలడం లేదు, కొన్ని ప్రోగ్రాములు మూసి ప్రయత్నించండి అంటోంది. మూయడానికి తెరిచినవేవీ లేవు. యంత్రంలో 1 జీబీ ఉంది. పాత యంత్రంలో 64 ఎంబీతోనే 412 పేజీలు చేశాను!

పాతయంత్రం | జనవరి 15, మధ్యాహ్నం 12:52

తప్పు నాది, ముందే చెప్పాల్సింది. మెమరీ ఎక్కువైనందువల్లే చాలడం లేదంటోంది. డిస్కు నుంచి చదివినవాటిని దాచుకోవడానికి 98 తన చిరునామాల్లో కొంత జాగా కేటాయించుకుంటుంది. ర్యామ్ ఎంత ఎక్కువుంటే ఆ జాగా అంత పెంచుకుంటూ పోయి, 512 ఎంబీ దాటేసరికి మిగతా పనులకు చిరునామాలే లేకుండా చేస్తుంది. కొత్తగా సంపన్నుడైనవాడు ఇల్లంతా గోదాముగా మార్చి, తాను పడుకోవడానికి చోటు లేదని ఏడ్చినట్టన్నమాట.

రెండు ర్యామ్ స్టిక్కులు ఉంటే ఒకటి పీకేయండి. లేదా సిస్టమ్ ఐఎన్ఐ ఫైలులో వీక్యాష్ అనే శీర్షిక కింద మ్యాక్స్‌ఫైల్‌క్యాష్ విలువను 262144 అని రాయండి. అది కిలోబైట్లలో లెక్క.

తెనాలి_కంపోజర్ | జనవరి 15, సాయంత్రం 5:35

ఒక స్టిక్కు పీకేశాను, ఆ గొడవ తీరింది. పేజ్‌మేకర్ వేశాను, మూడు ఫ్లాపీల్లో రెండోది నాలుగో ప్రయత్నంలో చదివింది. కానీ లాక్ కనబడలేదంటోంది.

పాతయంత్రం | జనవరి 15, సాయంత్రం 6:01

బయోస్‌లోకి (యంత్రం మొదలవుతుండగా తెరిచే అమరికల్లోకి) వెళ్లి ప్యారలల్ పోర్టు మోడ్ చూడండి. ఈసీపీ అని ఉంటే నార్మల్ చేయండి, అది కుదరకపోతే ఈపీపీ. చిరునామా 378 ఉండాలి.

తెనాలి_కంపోజర్ | జనవరి 15, సాయంత్రం 6:24

పలికింది. మొదట కొట్టిన మాట కర్రు.

ఫ్రీమాంట్_వాసు | జనవరి 16, ఉదయం 9:30

ఆలస్యంగా చూశాను, అభినందనలు. ఇటువంటి యంత్రం దొరకనివారి కోసం వర్చువల్ మెషీను (ఇప్పటి కంప్యూటరు లోపల ప్రోగ్రాముతో సృష్టించే యంత్రం) సంగతి రాస్తున్నాను. నేను కాలిఫోర్నియాలో ఉంటాను, పాత తెలుగు సాఫ్ట్‌వేర్లు నడిపి చూడటం నాకు సరదా. వర్చువల్‌బాక్స్‌లో 98 ఎక్కుతుంది, కానీ 9ఎక్స్ (95, 98) కుటుంబానికి గెస్ట్ అడిషన్స్ అనే సహాయక డ్రైవర్లు లేవు కాబట్టి తెర, మౌసు కొంత మొరాయిస్తాయి. కొత్త రైజెన్, ఇంటెల్ ప్రాసెసర్ల మీద స్థాపన మధ్యలోనే కుప్పకూలుతుంది. మెమరీ పటాన్ని మార్చిన ప్రతిసారీ ప్రాసెసరుకు చెప్పి పాతది చెరిపించాలి. 98 కొన్నిచోట్ల చెప్పకుండా వదిలేసినా పాత ప్రాసెసర్లు సర్దుకుపోయాయి, కొత్తవి సర్దుకోవు. ప్యాచర్9ఎక్స్ అనే ఉచిత ప్రోగ్రాముతో ఆ లోపాన్ని దిద్దుకోవచ్చు. అంత వద్దనుకుంటే 86బాక్స్ అనే ఎమ్యులేటరు పాత బోర్డును చిప్పు చిప్పుగా అనుకరిస్తుంది కాబట్టి, 98కి అది తన సొంత కాలపు యంత్రంలాగే కనిపిస్తుంది. వేగం తక్కువ, నమ్మకం ఎక్కువ. అయితే ఈ దారుల్లో నా లాక్ ఒక్కసారి కూడా పలకలేదు, తెనాలి గారు నిజమైన యంత్రం మీదే చేయడం సరైన నిర్ణయం.

అక్షరశిల్పి | జనవరి 16, రాత్రి 8:45

నేను అచ్చు వైపు నుంచి కొన్ని మాటలు చెబుతాను. లాక్ కావలసింది కొత్తగా కొట్టడానికే. ఫైలు తెరిచి అచ్చు తీయడానికి ఫాంట్లు ఉంటే చాలు. సవరణలు లేని పునర్ముద్రణ అయితే ఈ 98 యజ్ఞమే అవసరం ఉండేది కాదు, గోదారిగట్టు గారు చెప్పిన ఎక్స్‌పీతోనే పని జరిగిపోయేది. పదీ పదిహేను అక్షరాల సవరణ అయినా ఆల్ట్ పట్టుకుని ఒక్కో అక్షరం సంఖ్య కొట్టి నెట్టుకురావచ్చు. పద్దెనిమిది పేజీలు అలా కొడితే తెనాలి గారి మణికట్టు విరుగుతుంది.

ఇప్పుడు ర వత్తు ఎందుకు పోయిందో చెబుతాను. అను, శ్రీలిపి, ఆకృతి వంటి ఆనాటి ప్యాకేజీలన్నీ 256 గళ్ల ఇంగ్లిషు ఫాంటులోనే తెలుగు ముక్కలను సర్దాయి. ఒక గడిలో తలకట్టు, ఇంకో గడిలో కొమ్ము, మరో గడిలో వత్తు. ఏ ముక్క ఏ గడిలో అన్నది ఎవరి లెక్క వారిది. ఇందులో 173వ గడి ఇంగ్లిషు లెక్క ప్రకారం మృదు హైఫనుది. పాత పేజ్‌మేకరుకు అది కూడా ఒక బొమ్మే, గడిలో ఏముంటే అది గీసేస్తుంది. యూనికోడ్ (అన్ని భాషల అక్షరాలకూ ఒకే ఉమ్మడి లెక్క) తెలిసిన కొత్త ప్రోగ్రాములు మాత్రం ఇది పంక్తి చివర మాట విరిచినప్పుడు తప్ప కనిపించకూడని గుర్తు అని దాచేస్తాయి. మీ ఫాంటులో ర వత్తు ఆ గడిలో ఉందని నా అనుమానం. క్యారెక్టర్ మ్యాప్‌లో చూస్తే తేలిపోతుంది.

జాగ్రత్త ఒకటుంది. ఫైలు తెరవగానే పానోస్ ఫాంట్ మ్యాచింగ్ అని ఒక పెట్టె వచ్చి ఫలానా ఫాంటు లేదు, దీనికి బదులు అది పెట్టనా అని అడిగితే, కాదని చెప్పి ఫైలు మూసేయండి. ఆ ఫాంటు వెతికి వేసుకున్నాకే మళ్లీ తెరవండి. ఆ పెట్టెకు తలూపి ఫైలును సేవ్ చేసిన ఒక పుస్తకాన్ని నేను వారం రోజులు పేజీ పేజీ బాగుచేశాను.

బయటికి తీసుకురావడం సులభమే. ఒక పోస్ట్‌స్క్రిప్ట్ (పేజీని వర్ణించే ప్రింటరు భాష) ప్రింటరును ఎంచుకుని, దాన్ని ఫైల్ అనే పోర్టుకు కలిపి, ఫాంట్లు కూడా లోపలే చేరేలా పెట్టి, ప్రింట్ ఇవ్వండి. వచ్చిన ఫైలును ఇప్పటి కంప్యూటరులో ఘోస్ట్‌స్క్రిప్ట్‌తో పీడీఎఫ్‌గా మార్చండి. పేజీలు విరిగినచోటే విరుగుతాయి, 412 అంటే 412 ఉంటాయి.

గోదారిగట్టు | జనవరి 16, రాత్రి 9:20

ఆ ఫైళ్లను 98 నుంచి తీయడం ఎలా? పెన్‌డ్రైవ్‌కు 98లో డ్రైవరు ఉండదు కదా. నెట్‌వర్క్ ఫోల్డరు పంచుకుంటే సరిపోతుందా?

పాతయంత్రం | జనవరి 16, రాత్రి 9:47

వద్దు. పాత విండోసులు, ఎక్స్‌పీతో సహా, ఫోల్డర్లు పంచుకునే భాష ఎస్ఎంబీ మొదటి రూపం. దానిలోని లోపం గుండానే 2017 మేలో వానాక్రై అనే దాడి ప్రోగ్రాము ప్రపంచమంతా పాకింది, మన ఆంధ్రప్రదేశ్ పోలీసు కంప్యూటర్లు కొన్ని కూడా దాని బారిన పడ్డాయి. అప్పటికి మూడేళ్ల కిందటే వదిలేసిన ఎక్స్‌పీకి మైక్రోసాఫ్ట్ ప్రత్యేకంగా మందు విడుదల చేయాల్సి వచ్చింది. ఇప్పటి విండోసులో ఆ భాష మామూలుగా ఉండదు, పాత యంత్రం కోసం దాన్ని తెరిస్తే కొత్త యంత్రం తలుపు తీసిపెట్టినట్టే. డిస్కు విప్పి యూఎస్‌బీ అడాప్టరుకు తగిలిస్తే రెండు నిమిషాల పని. నాలుగు మరలు.

పుస్తకప్రియుడు_హైదరాబాదు | జనవరి 17, ఉదయం 7:15

క్షమించాలి, నాకొక సందేహం. ఇంత కష్టపడి మళ్లీ పీడీఎఫ్ చేస్తే అందులో ఒక మాట కోసం వెతకలేము, నకలు చేస్తే ఇంగ్లిషు పిచ్చి గుర్తులు వస్తాయి. పదకోశానికి వెతుకులాటే ప్రాణం కదా. అను ఫాంట్లను యూనికోడ్‌కు మార్చే పరికరాలు ఉన్నాయి, ఇది కూడా అలా మార్చకూడదా?

అక్షరశిల్పి | జనవరి 17, ఉదయం 10:32

మార్చాలి, కానీ ఈ ముద్రణ కోసం కాదు. అను పట్టిక వేరు, ఈ ప్యాకేజీ పట్టిక వేరు, కాబట్టి ఎవరో చేసినది ఇక్కడ అతకదు, కొత్త పట్టిక రాసుకోవాలి. పట్టిక ఉన్నా చూపుకు కనిపించే క్రమం వేరు, పలికే క్రమం వేరు. ఫాంటులో ముక్కలు కంటికి ఆనిన వరసలో ఉంటాయి, యూనికోడ్‌కు ఉచ్చారణ వరస కావాలి. ఒకే వత్తుకు సన్నని అక్షరం కింద ఒక ముక్క, వెడల్పు అక్షరం కింద ఇంకో ముక్క ఉంటుంది. తొంభై అయిదు పాళ్లు సరిగ్గా వచ్చినా 412 పేజీల పదకోశంలో మిగతా అయిదు పాళ్ల ప్రూఫు ఎవరు చూస్తారు? అందులోని మాటలేమో ఏ స్పెల్ చెకరుకూ తెలియనివి. పుస్తకాన్ని ముందు అచ్చు వేయించి, యూనికోడ్ ప్రతిని తీరికగా, ఆ పీడీఎఫ్‌ను పక్కన పెట్టుకుని దిద్దుకోవడం మంచిది.

తెనాలి_కంపోజర్ | జనవరి 26, రాత్రి 8:40

అందరికీ కృతజ్ఞతలు. పని ఎంతవరకు వచ్చిందో చెప్పడం ధర్మం.

అక్షరశిల్పి గారి అనుమానం నిజమే, క్యారెక్టర్ మ్యాప్‌లో 173వ గడిలో ర వత్తు కూర్చుని ఉంది. పానోస్ పెట్టె నాకూ వచ్చింది, శీర్షికలకు వాడిన ఒక బొద్దు ఫాంటును ఎక్కించడం మరిచిపోయానట. మూసేసి, పాత డిస్కు ఇమేజిలో వెతికి తెచ్చుకున్నాను.

పద్దెనిమిది పేజీల సవరణలు ఆరు రాత్రుల్లో కొట్టాను. ఇరవై ఏళ్లుగా ముట్టుకోని కీబోర్డు పొందిక అది, మొదటి రాత్రి వేళ్లు తడబడ్డాయి, మూడో రాత్రికి వాటంతట అవే నడిచాయి. ఒక సవరణ పేజీని అయిదు పంక్తులు పెంచేసింది. పక్క పేజీలోకి జరగకుండా ఉండటానికి, పైన గుంటక బొమ్మను ఆ మేరకు తగ్గించాను. 217వ పేజీలో మాత్రం తలుగు అన్న మాట పక్కన ఆయన ప్రశ్నార్థకం పెట్టి ఏమీ రాయలేదు. అమ్మాయిగారిని అడిగితే ఆమెకూ తెలియదన్నారు, కాబట్టి దాన్ని పాత ముద్రణలో ఉన్నట్టే ఉంచాము.

నిన్న మధ్యాహ్నం ఇరవై ఆరు ఫైళ్లకూ పోస్ట్‌స్క్రిప్ట్ తీసి, డిస్కు విప్పి, ఇటు పీడీఎఫ్ చేశాను. 412 పేజీలు వచ్చాయి. ప్లేట్లు చేసేవారు నేరుగా దాన్నే తీసుకున్నారు, బటర్ పేపరు మీద తీసి ఇవ్వాల్సిన పని లేకపోయింది. మొదటి ఫారం ప్రూఫు ఇప్పుడు నా ముందు ఉంది, గొర్రులో వత్తు ఉంది.

పెంటియం 4ను బావమరిదికి తిరిగి ఇవ్వడం లేదు. ఇంకో నాలుగు పుస్తకాల ఫైళ్లు ఆ ఇమేజిలోనే కనిపించాయి. ఒక చిన్న ప్రశ్న మిగిలింది: యంత్రం ఆపి మళ్లీ వేసిన ప్రతిసారీ తేదీ వెనక్కి పోతోంది, బయోస్‌లో పెట్టిన పోర్టు మోడ్ కూడా మళ్లీ ఈసీపీ అయిపోతోంది.

పాతయంత్రం | జనవరి 26, రాత్రి 8:58

బోర్డు మీద రూపాయి బిళ్లంత బ్యాటరీ ఉంటుంది, సీఆర్2032. గడియారాల కొట్లో దొరుకుతుంది. మార్చేటప్పుడు లాక్ తీసి పక్కన పెట్టండి.